రోడియన్ తరూతిన్ కట్టిన ఆఖరి జర్మన్ వేషం

లుగొవ్‌స్క్‌లో బస్సెక్కితే రోడియన్ లుకిచ్ తరూతిన్‌కి టికెట్టు కంటే ముందు తిట్లు అందేవి.

“దిగు, దిగు! ఫాసిస్టులకి నా బస్సులో చోటు లేదు. బెర్లిన్‌కి నడిచి పో!” అని కండక్టరు క్లావ్దియా నడుం మీద చెయ్యేసుకుని గద్దించేది. బస్సంతా గొల్లుమనేది. ఆయనా నవ్వేసి, “బెర్లిన్ దాకా ఎందుకులే తల్లీ, నాటకశాల దగ్గర దించెయ్, అక్కణ్ణుంచి నేనే పోతా” అనేవాడు. అప్పుడావిడ టికెట్టు చింపి చేతిలో పెట్టి, గొంతు తగ్గించి, “మొన్న కొత్త సంవత్సరానికి మావాడు ఎవరి ఒళ్లో ఎక్కి కూర్చున్నాడో, ఆ మంచుతాత మీరేనని వాడికి చెప్పలేదండీ. చెబితే జడుసుకుంటాడు” అనేది.

ఆ ఊళ్లో ఆయన బతుకు అలా రెండు ముక్కలుగా ఉండేది. ఊరి నాటకశాలలో ఆయన కట్టినవన్నీ మంచివాళ్ల వేషాలే. పెళ్లికూతురి తండ్రి, ఊరి వైద్యుడు, యజమాని కోసం కన్నీళ్లు పెట్టుకునే ముసలి నౌకరు. కొత్త సంవత్సరం వచ్చిందంటే పది రోజుల పాటు, రోజుకి మూడు ఆటలు, మంచుతాతగా దూది గడ్డం పెట్టుకుని పిల్లల చేత ఫర్ చెట్టు చుట్టూ పాటలు పాడించేవాడు. జిల్లా నాటకశాల నటుడంటే అంతే మరి, తప్పించుకోలేడు. కానీ ఊరి పొలిమేర దాటితే ఆయన్ని ఆ వేషాల్లో ఎరిగినవాళ్లు లేరు. దేశానికి తెలిసిన తరూతిన్ ఒక్కడే, గుడ్డు తినే జర్మన్ ఆఫీసరు.

ఆ సంగతి పంతొమ్మిది వందల అరవై మూడులో మొదలైంది. లెనిన్‌గ్రాద్ నుంచి ఒక దర్శకుడు యుద్ధం సినిమా తియ్యడానికి ఈ వైపు వచ్చాడు. వలేరియన్ ఒసిపొవిచ్ అని, పొడుగ్గా, ఎప్పుడూ జలుబుతో ఉండే మనిషి. జర్మన్ ఆఫీసరు పాత్రకి మనుషులు దొరక్క నాటకశాలకి వచ్చి అందరి చేతా చేయించి చూశాడు. రెండే సీన్లు. ఒక కుర్రాడి మరణశిక్ష కాగితం మీద సంతకం పెట్టడం, ఊరొదిలి పోవడం. మనవాళ్లు ఒకరి తర్వాత ఒకరు కళ్లురిమారు, బల్ల గుద్దారు, పళ్లు నూరారు. వలేరియన్ ఒసిపొవిచ్ చీదుకుంటూ, “చాలు బాబూ, చాలు, కుక్క కూడా ఇంతకంటే భయపెడుతుంది” అన్నాడు.

తరూతిన్ వంతు వచ్చింది. “ఒక ఉడికిన గుడ్డు, చిన్న చెంచా తెప్పిస్తారా?” అని అడిగాడు.

బల్ల ముందు కూర్చుని, గుడ్డు నెత్తి మీద చెంచాతో చుట్టూ చిన్నగా కొట్టాడు. టోపీ తీసినట్టు పైపెంకు తీసి పక్కన పెట్టాడు. రెండు వేళ్లతో ఉప్పు చల్లుకున్నాడు. ఎదురుగా కాగితం పెడితే ఎడం చేత్తో దాన్ని కాస్త తిప్పుకుని సంతకం పెట్టి, మళ్లీ చెంచా తీసుకున్నాడు. ఒక్కసారి కూడా తల ఎత్తలేదు. దర్శకుడు చేతిరుమాలు జేబులో పెట్టుకుని, “ఎక్కడ నేర్చుకున్నారు ఇది?” అని మన్నన పిలుపులోకి దిగాడు.

“చూశాను” అన్నాడు తరూతిన్.

చూశాడు, నిజమే. అల్‌హోవ్కాలో, వాళ్ల సొంత ఇంటి అరుగు మీద చూశాడు. నలభై ఒకటి శరత్కాలంలో జర్మన్లు ఊరు పట్టుకున్నప్పుడు అతనికి పదేళ్లు. తండ్రి లుకా యుద్ధానికి వెళ్లి, మళ్లీ కబురు లేదు. ఇంట్లో ఒక ఆఫీసరు దిగాడు. తల్లి ఉస్తీన్యా మంచం అతనికి పోయింది. ఆమె, పెద్దకొడుకు మత్వేయ్, చిన్నవాడు రోద్కా, అంటే మన రోడియన్, రెండు చలికాలాలు కట్టెల కొట్టంలో గడ్డి కప్పుకుని పడుకున్నారు. ఆఫీసరు కేకలేసే రకం కాదు. కొట్టేవాడూ కాదు. అసలు వాళ్లని మనుషుల్లా చూసేవాడే కాదు. రోజూ పొద్దున ఉస్తీన్యా కోడి పెట్టిన గుడ్డు ఉస్తీన్యాయే ఉడికించి పట్టుకెళ్లాలి.

నలభై రెండు ఆఖర్లో కొట్టంలో నాలుగు మూరల టెలిఫోను తీగ దొరికింది. మత్వేయ్ కుందేళ్లకి ఉచ్చు పన్నడానికి రోడ్డు పక్కన ఏరి తెచ్చుకున్న ముక్క అది. తమ టెలిఫోను లైను కోశాడని జర్మన్లు వాణ్ణి పట్టుకున్నారు. వాడికి పదహారేళ్లు. పెరట్లోంచి లాక్కుపోతూ, ఏం చెయ్యమంటారని దుబాసీ అడిగాడు. అరుగు మీద ఆఫీసరు గుడ్డు తింటున్నాడు. చెంచా ఆపకుండా ఊ అన్నట్టు గడ్డం కదిపాడు, అంతే. వాణ్ణి ఎక్కడ కాల్చారో, ఎక్కడ పూడ్చారో ఈ రోజుకీ తెలియదు. రోద్కా గుమ్మం పక్కన నీళ్ల బకెట్టుతో నిలబడి ఉన్నాడు. పిల్లవాడి కళ్లు కదా, అన్నని చూడలేకపోయాయి. చెంచాని చూశాయి.

సినిమా దేశమంతా ఆడింది. అల్‌హోవ్కా వాళ్లు మా ఊరి బిడ్డ అని పొంగిపోయి, సినిమా పెట్టెతో పాటు రోడియన్‌ని కూడా పిలిపించుకున్నారు. పొలిమేరలో రొట్టె, ఉప్పు పెట్టి ఆహ్వానించారు. క్లబ్బులో ముందు బల్ల మీద తెల్ల రుమాలు కట్టుకుని ఉస్తీన్యా కూర్చుంది. కొడుకు గురించి ఎవరేమన్నా సిగ్గుపడి నవ్వుతోంది. దీపాలు ఆర్పారు.

గుడ్డు సీను వచ్చినప్పుడు బల్ల కిర్రుమంది. ఉస్తీన్యా లేచి, పక్కకి తప్పుకుని పోవాలన్న ధ్యాస కూడా లేకుండా తెర ముందు నుంచే నడిచి వెళ్లిపోయింది. ఆమె నీడ ఆఫీసరు మొహానికి అడ్డంగా పడింది. వెనక ఎవరో “కూర్చోవే!” అన్నారు.

రోడియన్ పరుగెత్తుకుంటూ ఇంటికి వెళ్లేసరికి ఆమె పొయ్యి దగ్గర నిలబడి ఉంది.

“అమ్మా, అది నటనే. వాళ్లెలాంటి వాళ్లో జనానికి తెలియాలనే అలా చేశాను.”

“నాకు తెలుసుగా” అంది ఉస్తీన్యా. “ఇరవై ఏళ్లు పట్టిందిరా నాకు, వాడి మొహం మర్చిపోడానికి. మత్వేయ్ మొహం ఎంత తలుచుకున్నా మసగ్గానే వస్తది. ఆ జర్మనోడిదన్నా పోయింది కదా అనుకున్నా. నువ్వు పట్టుకొచ్చి నా ముందు కూచోబెట్టావు. నీ మొహం మీద పెట్టుకొచ్చావు.”

ఇంకెప్పుడూ ఆ వేషం కట్టనమ్మా అని ఒక్క మాట అంటే సరిపోయేది. అనలేదు. రెండో సినిమాకి రమ్మన్న తంతి అప్పటికే జేబులో ఉంది. నేనతన్ని వెనకేసుకు రావడం లేదు. చప్పట్లు అలవాటు పడ్డ మనిషి, ముప్పై ఏళ్లు దాటాక మొదటిసారి దేశం తనవైపు చూసిన మనిషి, జేబులో కాగితాన్ని వేళ్లతో తడుముకుంటూ ఊరుకున్నాడు. తర్వాత పదహారేళ్లలో పదకొండు సినిమాల్లో కనిపించాడు. తొమ్మిదింట్లో అదే రంగు యూనిఫాం. గౌరవ కళాకారుడన్న బిరుదు కూడా వచ్చింది.

ఉస్తీన్యా తిట్టలేదు, తలుపు వెయ్యలేదు. సెలవులకి వస్తే వంట చేసి పెట్టేది, మేజోళ్లు అల్లి ఇచ్చేది. మొహంలోకి మాత్రం చూసేది కాదు. చొక్కా పైగుండీతో మాట్లాడేది. “రొట్టె ఇంకాస్త వెయ్యనా?” అని గుండీని అడిగేది. ఊరంతా తన మొహం చూసి నవ్వేవాళ్లే, దేశమంతా చూసి మెచ్చేవాళ్లే. కన్నతల్లి ఒక్కసారి చూస్తే చాలునని రోడియన్‌కి ఎంత ఉండేదో భార్య తైసియాకి తెలుసు.

తైసియా ఆ నాటకశాలలోనే ప్రాంప్టర్. రంగస్థలం ముందు గూట్లో కూర్చుని, మాట మర్చిపోయిన నటుడికి తప్ప ఇంకెవరికీ వినపడకుండా మాట అందించడం ఆమె పని. ఇంట్లోనూ అంతే, తక్కువ మాట్లాడేది, సమయానికి మాట్లాడేది.

డెబ్బై ఎనిమిదో ఏట ఉస్తీన్యాకి మతి తప్పడం మొదలైంది. పొయ్యిలో నిప్పు ఉండగానే పొగగొట్టం మూసేసి ఒకసారి ప్రాణం మీదికి తెచ్చుకుంది. తైసియా వెళ్లి లుగొవ్‌స్క్ తీసుకొచ్చింది. నాటకశాల వాళ్లకిచ్చిన చెక్క ఇంట్లో కింది వాటా వాళ్లది. రెండు గదులు, వంటిల్లు, పెరట్లో కట్టెల కొట్టం. నెల రోజులు బాగానే గడిచింది. జనవరిలో ఒక పొద్దున, రోడియన్ అద్దం ముందు నున్నగా గడ్డం గీసుకుని వెనక్కి తిరిగాడు. గుమ్మంలో తల్లి నిలబడి ఉంది. పదహారేళ్ల తర్వాత మొదటిసారి నేరుగా అతని మొహంలోకి చూస్తోంది.

చూస్తూ చూస్తూ వెనక్కి అడుగులేసింది. పొద్దువాలగానే దూది కోటు తొడుక్కుని కట్టెల కొట్టంలోకి పోయి గడ్డి పరుచుకుంది.

“నువ్వూ వచ్చెయ్ పిల్లా” అంది తైసియాతో, ఎవరో ఇరుగింటి అమ్మాయనుకుని. “లోపలోడు మంచోడు కాదు.”

రోడియన్ కొట్టంలోకి వెళ్లి మోకాళ్ల మీద కూర్చున్నాడు. “అమ్మా, నేనమ్మా. నీ రోద్కాని.”

ఆమె పెదవులు తెల్లబడ్డాయి. “వాడి పేరు నీకెవడు చెప్పాడు? వాణ్ణేం చేశావు?” అని అరిచి, కట్టె ఒకటి అందుకుంది.

ఆ తర్వాత అతను తన పేరు ఎత్తడం మానేశాడు.

ఏం చెయ్యాలి? తలుపుకి తాళం పెడితే నుదురు చిట్లేదాకా తలుపుకేసి కొట్టుకుంది. కొట్టంలో చిన్న ఇనప పొయ్యి పెట్టారు, తివాచీలు పరిచారు. బయట మైనస్ ఇరవై ఎనిమిది. రెండో వారంలో ఆమె కాలివేళ్లు రెండు నల్లబడ్డాయి. వైద్యుడు కట్టు కట్టి, “పిచ్చాసుపత్రికి రాసివ్వమంటారా? అక్కడ మంచానికి కట్టేసి ఉంచుతారు, చలికైతే చావదు” అన్నాడు. చెడ్డవాడు కాదు, ఉన్నమాట చెప్పాడు. రోడియన్ వద్దన్నాడు. తనే మూడు రోజులు ఇల్లు వదిలి నాటకశాలలో పడుకున్నాడు. అదీ పనిచెయ్యలేదు. “వాడు పనిమీద పోయాడు, మళ్లీ వొస్తాడు” అని ఉస్తీన్యా కొట్టం వదల్లేదు.

నాలుగో రోజు తైసియా భోజనం పట్టుకుని వేషాల గదికి వచ్చింది. అతను తింటుంటే చూస్తూ కూర్చుని, అడిగింది.

“మీ ఊరు వదిలి ఆ ఆఫీసరు ఎలా పోయాడు?”

“ఎలా అంటే? నలభై మూడులో. మనవాళ్ల ఫిరంగులు దగ్గర పడ్డాయి. మేమంతా అడవిలోకి పారిపోయాం. తిరిగొచ్చేసరికి లేడు.”

“అయితే వాడు పోవడం అత్తయ్య చూడలేదు.”

“లేదు.”

“అదీ సంగతి. పాత్ర తెర వెనక మాయమైతే ఎలా రోద్యా? చూసేవాళ్ల దృష్టిలో ఇంకా ఇంట్లోనే ఉన్నట్టు. వాడు ఆవిడ కళ్ల ముందు నుంచి నడిచి పోవాలి. సెలవని చెప్పి పోవాలి.”

రోడియన్ చెంచా కింద పెట్టేశాడు. “ఆ బట్టలేసుకుని మళ్లీ ఆమె ముందు నిలబడమంటావా? నాకు సిగ్గులేదనుకున్నావా?”

“ఉందనే చెబుతున్నా. ఇంతమంది కోసం కట్టావు. ఆవిడ కోసం ఒక్కసారి కట్టు.”

“పోయాక మరి? వాడుగా పోతే నేను నేనుగా ఎలా తిరిగి రాను? ఈ మొహం చూస్తే మళ్లీ మొదటికొస్తుంది.”

తైసియా గిన్నె దగ్గరికి తీసుకుని మూత పెట్టింది. “కాలివేళ్లు రెండు పోయాయి, రోద్యా” అంది.

అతను లేచి, దుస్తుల గది చూసే ఫీమా దగ్గరికి నడిచాడు. బూడిదరంగు కోటు, టోపీ, పొడుగు బూట్లు అడిగాడు. “మే తొమ్మిది విజయదినానికి ఇంకా ఎంతో ఉందే! ఏ నాటకం?” అంది ఫీమా, భుజం మీద దుమ్ము దులుపుతూ. “ఒకే ఒక్క ఆట” అన్నాడు. “పొట్ట పెంచావయ్యా. బెర్లిన్‌లో బాగా మేపుతున్నట్టున్నారు” అని గుండీ జరిపి కుట్టిచ్చింది. అతనికి నవ్వు రాలేదు.

మర్నాడు పొద్దున పదకొండుకి, ఎండ మంచు మీద పడి మెరుస్తుండగా, రోడియన్ లుకిచ్ తన పెద్ద కోటు కింద ఆ కోటు వేసుకుని ఇంటికి వచ్చాడు. పెద్ద కోటు వాకిట్లో విప్పి తైసియాకిచ్చాడు. పగటిపూట ఉస్తీన్యా వంటింట్లోనే, పొయ్యి పక్కన, ఎప్పుడైనా లేచి పారిపోడానికి వీలుగా స్టూలు అంచున కూర్చుని ఉండేది. తైసియా పోయి ఆమె పక్కన నిలబడింది. సినిమాల్లో అతను అడుగు పెడితే తలుపు గోడకి కొట్టుకునేది. ఇప్పుడు తలుపు తట్టాడు. రెండు చలికాలాల్లో ఆ ఆఫీసరు ఒక్కసారి కూడా చెయ్యని పని అది.

ఉస్తీన్యా లేచి నిలబడింది. చేతులు ఏప్రానులో చుట్టుకుంది.

“అమ్మా...” అనబోయి మింగేశాడు. వచ్చీరాని రష్యన్‌లో, ముక్కలు ముక్కలుగా, రాత్రంతా వల్లె వేసుకున్న మాటలు చెప్పాడు. “యుద్ధం అయింది. మేము పోతున్నాము. ఇల్లు నీది. మంచం నీది. ఎవరూ రారు, మళ్లీ.”

పొయ్యి మీద నీళ్లు కాగుతున్నాయి.

“మా మత్వేయ్‌ని ఎక్కడ పెట్టారు?” అంది.

అది రాసుకున్న దాంట్లో లేదు. తైసియా ఇరవై ఆరేళ్లు ఎంతోమందికి మాట అందించింది, అప్పుడామె నోట్లోనూ ఏమీ లేదు. రోడియన్‌కి ఆ ప్రశ్నకి జవాబు తెలియదు. ఆఫీసరుగా తెలియదు, తమ్ముడుగా తెలియదు. ఒక అబద్ధం చెప్పి ఏ చెట్టు కిందో అని ఉండొచ్చు. కానీ ఆ ప్రశ్న ముప్పై ఏడేళ్లుగా ఆమె ఎవర్నీ అడగలేక దాచుకున్నదని తెలుస్తూనే ఉంది.

“తెలియదు” అన్నాడు. టోపీ తీసేశాడు. “తప్పు చేశాను. క్షమించు.”

ఆ తల వంచడంలో నటన ఎంత, నిజం ఎంత అని నన్నడిగితే చెప్పలేను. తైసియా కూడా చెప్పలేకపోయింది. అతని చెవులు ఎర్రగా కందిపోయాయని మాత్రం చెప్పింది.

ఇక వెనక్కి తిరిగి, ఆమె చూస్తుండగా పెరడు దాటి, వీధిలోకి పోవాలి. అదే ఆట ముగింపు. అతను తలుపు వైపు నడిచాడు. గుమ్మం పక్కన ఉన్న బెంచీ మీద, టోపీ ఒళ్లో పెట్టుకుని, ఒక్క క్షణం కూర్చున్నాడు.

అలవాటుగా కూర్చున్నాడు. ఏ ఇంటి నుంచైనా, ఎంత దూరానికైనా బయల్దేరేముందు మాట్లాడకుండా ఒక్క క్షణం కూర్చోకుండా అతనెప్పుడూ గడప దాటలేదు. పుట్టినప్పట్నుంచీ అంతే, మనందరం అంతే. జర్మన్లకి ఆ ఆచారం లేదు. కూర్చున్నాక గాని అతనికి తట్టలేదు. పాతికేళ్లకి పైగా రంగస్థలం మీద ఏనాడూ పాత్ర తప్పని మనిషి, చూసేది ఒక్కరే అయిన ఆటలో తప్పాడు. టోపీ అంచు వేళ్లతో తిప్పుతూ అలాగే కూర్చున్నాడు.

ఉస్తీన్యా ఆ కూర్చున్న మనిషిని చాలాసేపు చూసింది. తర్వాత తనూ స్టూలు మీద కూర్చుంది. ఇంట్లోంచి ఒకరు ప్రయాణమైతే మిగతావాళ్లు నిలబడి ఉండకూడదు మరి. చేతులు ఏప్రానులోంచి బయటికి తీసి ఒళ్లో పెట్టుకుంది. ముగ్గురిలో తైసియా ఒక్కతే నిలబడి ఉంది, ఆమె కూడా గోడకి ఆనుకుని మెల్లిగా కిందికి జారి కూర్చుంది.

“నీకూ అమ్మ ఉందా?” అని అడిగింది ఉస్తీన్యా.

“ఉంది.”

“ముసలిదా?”

“డెబ్బై ఎనిమిది.”

“నా ఈడుదే.” ఆమె తల ఆడించింది. “ఇంకేం చూస్తావు మరి, లే. ఎల్లు ఆమె దగ్గరికి. ఇన్నాళ్లూ పరాయి ఇంట్లో ఏం చేస్తున్నావు? అక్కడామె దారి చూసి చూసి కళ్లు కాయలు కాసుంటాయి.”

రోడియన్ లేచాడు. వెనక్కి తిరిగి చూడలేదు, చూస్తే వెళ్లలేడు. బూట్ల కింద మంచు కరకరలాడుతుంటే పెరడు దాటి, గేటు తీసి, మళ్లీ వేసి, వీధి మలుపు దాకా నడిచాడు. కిటికీలోంచి ఉస్తీన్యా అతను కనుమరుగయ్యే దాకా చూసింది. అప్పుడు తైసియాతో, “దుప్పట్లు ఉతకాలి పిల్లా, వాడు పడుకున్నవి” అంది. సాయంత్రం కొట్టానికి పోలేదు. మంచం మీద, గోడ వైపు తిరిగి, మర్నాడు పొద్దెక్కే దాకా లేవకుండా నిద్రపోయింది.

రోడియన్ నాటకశాలలో వేషాల గదిలో మకాం పెట్టాడు. రంగు డబ్బాల మధ్య ఇనప మంచం, ఒక కరెంటు కుంపటి. తోటివాళ్లు మొదట్లో “తైసియా తరిమేసిందా లుకిచ్?” అని ఆటపట్టించారు, సంగతి తెలిశాక ఇళ్ల నుంచి పులుసులు తెచ్చి పెట్టారు. తల్లి వెచ్చగా పడుకుంటోంది, అది చాలనుకున్నాడు. చాలలేదు. తను జర్మన్‌గా వెళ్లిపోయాడు, కొడుకుగా ఇక అడుగు పెట్టే దారి లేదు. ఆమె బతికున్నన్నాళ్లూ ఇంతేనా అని, అద్దం ముందు రంగు పూసుకుంటూ ఏడ్చిన రోజులున్నాయి. ఏడిస్తే రంగు చెరుగుతుంది, మళ్లీ పూసుకునేవాడు.

ఆరో రోజు తైసియా రొప్పుతూ వచ్చింది.

“అత్తయ్య నిన్ను అడుగుతోంది. జర్మనోడు పోయాడుగా, ఇంకా అడవిలో ఎందుకు దాక్కుంటాడు, రోద్కాని పిలువు అంటోంది. పద.”

“ఈ మొహంతోనా?”

“మొహం ఎవడిక్కావాలి? నేను ఇన్నేళ్లు మొహం చూపించి బతికానా? గూట్లోంచి మాటతోనే బతికాను. పెరటి తలుపు వెనక నిలబడి మాట్లాడు.”

పెరటి వైపు నుంచి వచ్చి వంటింటి తలుపు బయట నిలబడ్డాడు. తలుపు బెత్తెడు తెరిచి ఉంది. ఎన్నో వేషాలకి ఎన్నో గొంతులు పెట్టిన మనిషికి, తన గొంతు ఏదో ఒక్క క్షణం గుర్తు రాలేదు.

“అమ్మా” అన్నాడు.

లోపల గిన్నె చప్పుడు ఆగింది. “రోద్కా? ఎక్కడ చచ్చావురా ఇన్నాళ్లూ?”

“అడవిలో ఉన్నానమ్మా.”

“లోపలికి రా.”

“బట్టలన్నీ బురద. ఆరనీ.”

“ఆరినాకే రా అయితే, ఇప్పుడే నేల తుడిచాను.” తలుపు సందులోంచి ముడతలు పడ్డ చెయ్యి ఒకటి బయటికొచ్చింది. అందులో ఒలిచిన వేడి బంగాళాదుంప, పైన ఉప్పు. “తిను. ఒక్కటే అని ఏడవకు, మళ్లీ వండుతున్నా.”

ఆ రోజు నుంచి పదకొండు వారాలు, రిహార్సల్‌కి పోయేముందు, రోజూ వచ్చి అక్కడ నిలబడేవాడు. చినుకులు పడుతున్నా, మంచు కరిగి పెరడంతా చెరువైనా వచ్చేవాడు. ఆమె లోపల బంగాళాదుంపలు ఒలుస్తూ మాట్లాడేది. ఆవు సంగతి, తండ్రి సంగతి, మత్వేయ్ చిన్నప్పుడు పొయ్యి మీది పడక అరుగు నుంచి పడ్డ సంగతి. మత్వేయ్ చిన్ననాటి సంగతులు ఆమె నోట కొడుకు వినడం అదే మొదలు. ఒక్కోసారి “ఇంకా ఆరలేదా నీ బట్టలు?” అని విసుక్కునేది. “ఆరుతున్నాయమ్మా” అనేవాడు. రోజురోజుకీ ఆమె గొంతు సన్నబడుతోంది. ఏప్రిల్ చివరికి మంచాన్ని వంటింట్లోకే, ఆ తలుపు పక్కకే జరిపించుకుంది.

ఒక మధ్యాహ్నం ఎండ బాగా కాసింది. నదిలో మంచు పగిలి కొట్టుకుపోతోంది, ఆ చప్పుడు ఇంటి దాకా వినిపిస్తోంది.

“రోద్కా, ఉన్నావా?”

“ఉన్నానమ్మా.”

“నీకు చెప్పలేదు కదూ. లోపలోడు పోయేటప్పుడు తలుపు తట్టాడురా. తట్టి వొచ్చాడు. టోపీ తీసి తప్పయిందన్నాడు. పోతా పోతా అదిగో, ఆ గుమ్మం పక్కన బెంచీ మీద కూచున్నాడు. మనాళ్లలాగే. నేను నమ్మలేకపోయా.”

రోడియన్ తలుపు చట్రం పట్టుకున్నాడు.

“వాడికీ ఒక తల్లుందంట. నా ఈడుదే. అప్పటిదాకా ఆ మొహం ఎప్పుడు చూసినా నాకు గుండె దడదడలాడేది. అప్పుడు చూశా, తిన్నగా చూశా. ముడతలు పడిపోయాడురా వాడు కూడా. కళ్ల కింద సంచులు. ఎవరి బిడ్డో అనిపించింది.” ఆమె కాసేపు ఆయాసపడింది. “మత్వేయ్ సంగతి వేరు, అది నేను వదల్ను. దేవుడే చూసుకోవాలి. కానీ వాడి మీద పెట్టుకునే కోపం ఇంక నా దగ్గర లేదు, అయిపోయింది. వింటున్నావా?”

“వింటున్నానమ్మా.”

“బాగా చలిలో పోయాడు. కోటు కూడా పల్చటిది.” మంచం కిర్రుమంది, ఆమె తలుపు వైపు ఒత్తిగిల్లినట్టుంది. “ఏరా, వాడు వాళ్లమ్మ దగ్గరికి చేరుంటాడంటావా?”

“చేరాడమ్మా” అన్నాడు రోడియన్, తలుపు ఇవతల నిలబడి.